ఇంటి నుంచి వంశానికి: ఆదిలాబాద్ రాజ్‌గోండుల అంత్యక్రియలు, పూర్వీకుల ఆరాధన

గోదావరికి ఉత్తరాన, సాత్మాల గుట్టల నడుమ పరుచుకున్న పూర్వపు ఆదిలాబాద్ జిల్లా రాజ్‌గోండుల నేల. 2016 అక్టోబరు 11న అది ఆదిలాబాద్, నిర్మల్, మంచిర్యాల, కుమ్రం భీం ఆసిఫాబాద్ జిల్లాలుగా విడిపోయింది. అయితే గోండు వంశాల రాకపోకలకు ఆ గీతలు ఎప్పుడూ అడ్డు కాలేదు. నిర్మల్ వైపు ఖానాపూర్, కడెం, పెంబి మండలాల గూడేల నుంచి ఉట్నూరు, ఇంద్రవెల్లి, జైనూర్, కెరమెరి దాకా ఒకే బంధుత్వం అల్లుకుని ఉంది. ఈ బంధుత్వంలో చనిపోయినవారికీ చోటుంది. గోండు సంప్రదాయంలో మరణం ఊపిరి ఆగిన రోజుతో ముగిసేది కాదు. శరీరాన్ని మట్టికో మంటకో అప్పగించడం మొదటి పని. మనిషిని ఇంటి నుంచి వంశానికి అప్పగించడం అసలు పని, అది ఆ తరువాత నెలలకో ఏడాదికో గానీ పూర్తికాదు. ఇక్కడి పితృపూజను ఆత్మశాంతి కోసం చేసే కర్మగా చూస్తే సగమే అర్థమవుతుంది. అది వంశాన్ని నిలబెట్టే సామాజిక వ్యవస్థ అన్నదే ఈ వ్యాసం వాదన.

ముందుగా ఆ వంశం సంగతి. రాజ్‌గోండు సమాజమంతా నాలుగు సగలుగా ఉంది: ఏడుగురు అన్నదమ్ముల సగ, ఆరుగురిది, ఐదుగురిది, నలుగురిది. ఆ అన్నదమ్ములు ఆదిపురుషులు. గుహలో బందీలుగా ఉన్న గోండుల పూర్వీకులను పహండి కుపార్ లింగల్ అనే వీరుడు విడిపించాడని, సగలను విభజించి దేవతలను, ఆచారాలను కట్టబెట్టాడని వారి పురాణం చెబుతుంది. దేవత జంగుబాయి కథ కూడా ఈ పురాణంలోదే. కెరమెరి మండలంలో, మహారాష్ట్ర సరిహద్దున ఉన్న జంగుబాయి గుహకు పుష్య మాసంలో నేటికీ వేలమంది వెళతారు. ఒక సగలోని వారు తమలో తాము పెళ్లాడరు. సగలో మళ్లీ ఇంటిపేర్లున్నాయి: మెస్రం, తొడసం, ఆత్రం, కుమ్రం, సిడాం, కనక, పెందోర్ వంటివి. వంశానికి దేవత పెర్సపేన్. ఇనుప ఈటె మొన, చామరం వంటి గుర్తులే ఆ దేవతకు రూపం. వాటిని ఇంట్లో పెట్టుకోరు. ఊరికి ఎడంగా భద్రపరిచి, పుష్యంలోనూ వైశాఖంలోనూ వచ్చే పండుగలకు బయటికి తీస్తారు. పూజ చేసేది కటోడ, అతడు ఆ వంశంవాడే. అంటే పెర్సపేన్ ఏ ఒక్క ఇంటి దేవుడూ కాదు, ఊరి దేవుడూ కాదు. ఊరికి పోచమ్మ, ఆకిపేన్ వేరే ఉన్నారు. వేర్వేరు ఊళ్లలో చెదిరి బతుకుతున్న ఒక రక్తసంబంధం మొత్తానికి ఆ ఈటె మొన దగ్గరే ఉమ్మడి చిరునామా దొరుకుతుంది.

ఇక చనిపోయినవాడు ఏమవుతాడు? ఈ ప్రశ్నకు గోండులు చెప్పే జవాబు చాలా స్పష్టమైనది. మనిషిలో రెండున్నాయి. ఒకటి జీవ్, అంటే ప్రాణం. భగవంతుడు దాన్ని తల్లి కడుపులోకి పంపుతాడు, మరణంతో వెనక్కి తీసుకుంటాడు, మరో కడుపులోకి మళ్లీ పంపవచ్చు. రెండోది సనాల్, అంటే చనిపోయిన మనిషే: పేరు, ముఖం, స్వభావం, బంధుత్వం ఉన్న ఆ వ్యక్తి. సనాల్ భగవంతుడి దగ్గరికి పోదు. ముందుగా పోయిన తన వంశీకుల సమూహంలో, పెర్సపేన్ చెంత కలుస్తుంది. అందుకే తాత మళ్లీ మనవడిగా పుట్టాడని ఒకవైపు నమ్ముతూనే, అదే తాతకు మరోవైపు నైవేద్యం పెట్టడంలో వారికి వైరుధ్యం కనబడదు. మనవడిలోకి వచ్చింది జీవ్, నైవేద్యం అందుకునేది సనాల్. మానవశాస్త్రవేత్త క్రిస్టాఫ్ వాన్ ఫ్యూరర్ హైమన్‌డార్ఫ్ ఈ భేదాన్ని శ్రద్ధగా నమోదు చేశాడు. 1953లో భారతదేశపు గిరిజనుల పరలోక భావనలపై రాసిన వ్యాసంలోనూ దీన్ని చర్చించాడు. ఈ విభజనలో నాకు ముఖ్యంగా కనబడే విషయం ఒకటుంది. పాపపుణ్యాల లెక్కకు ఇక్కడ పెద్ద పాత్ర లేదు. మంచివాడు ఒక లోకానికి, చెడ్డవాడు మరో లోకానికి అన్న ఏర్పాటు ఈ భావనకు కేంద్రం కాదు. మరణానంతర గతిని నిర్ణయించేది మనిషి చెందిన వంశం, ఆ వంశం అతనికి చేసిన కర్మ.

కర్మక్రమం చూస్తే ఈ మాట మరింత బలపడుతుంది. రాజ్‌గోండులలో ఖననమూ ఉంది, దహనమూ ఉంది. కుటుంబం స్థితి, మరణించిన తీరు, వయసు, కాలం చూసి ఏదో ఒకటి చేస్తారు. పూడ్చినా కాల్చినా సనాల్ గతి మారదు. మారేది కరున్ అనే మలి కర్మ జరిగిందా లేదా అన్నదానితో. కరున్‌కు బంధువులను పిలవాలి, మేకలనో కోళ్లనో బలి ఇవ్వాలి, భోజనం పెట్టాలి, అన్నిటికన్నా ముఖ్యంగా ఆ కుటుంబపు వంశగాయకుడైన ప్రధాన్ రావాలి. వెంటనే చేయగలిగినవారు చేస్తారు, లేనివారు పంట చేతికొచ్చేదాకా ఆగుతారు. ఆ తరువాత పెర్సపేన్ పండుగ వస్తుంది. గత పండుగ తరువాత పోయిన వంశీకులను అప్పుడు దేవత సన్నిధిలో పెద్దల్లో కలుపుతారు. అప్పటిదాకా చనిపోయినవాడు ఇంటివాళ్లకు తండ్రో అన్నో అత్తో. ఆ తరువాత వంశానికంతటికీ పెద్ద. కొత్త పంట ఇంటికి వచ్చినప్పుడు తొలి ముద్ద అందుకునే హక్కు ఆ పెద్దలదే.

ప్రధాన్‌ల గురించి కొంచెం ఆగి చెప్పుకోవాలి, ఎందుకంటే ఈ వ్యవస్థ నడిచేది వారి గొంతుతోనే. ప్రధాన్‌లు గోండుల వంశగాయకులు. ఒక్కో ప్రధాన్ కుటుంబానికి కొన్ని గోండు కుటుంబాలు వంశపారంపర్యంగా దాతలు. కికిరి అనే తంత్రీవాద్యాన్ని కమానుతో వాయిస్తూ ఆ వంశం పుట్టుక, దేవత వచ్చిన తోవ, పూర్వీకుల సాహసాలు గోండి భాషలో పాడతారు. ఇంట్లో మరాఠీ మాట్లాడే ప్రధాన్ కుటుంబాలు కూడా కర్మల దగ్గర గోండిలోనే పాడుతూ వచ్చాయి. వారిలాగే తోటీలు కూడా మరికొన్ని గోండు కుటుంబాలకు గాయకులు. ఈ ఏర్పాటు తెలంగాణ పాఠకుడికి కొత్త కాదు. పద్మశాలీలకు కూనపులివారు, ముదిరాజులకు కాకిపడగలవారు, మాదిగలకు డక్కలివారు కులపురాణం చెబుతారు. అయితే ఆ ఆశ్రిత గాయకులు కులం మొత్తం పుట్టుక చెప్పి త్యాగం అందుకుంటారు. ప్రధాన్ పని అంతటితో తీరదు. కరున్‌లో అతడు పాడేది చనిపోయిన ఆ ఒక్కరి కోసం, ఆ సనాల్‌ను పూర్వీకుల దగ్గరికి సాగనంపడానికి. అందుకు ప్రతిఫలంగా చనిపోయినవారి బట్టల్లో, నగల్లో, పశువుల్లో, ధాన్యంలో అతనికి వాటా ఉంటుంది. దాతతో సమానంగా కూర్చుని తినే హోదా మాత్రం సంప్రదాయం అతనికి ఇవ్వలేదు. ఇది అసమానతే, దాన్ని దాచడం సరికాదు. కానీ గోండు పటేల్ ఎంత గొప్పవాడైనా ప్రధాన్ పాడకపోతే పెద్దల్లో కలవలేడు. వంశచరిత్ర ఎవరి కంఠంలో ఉందో, ఆ వంశపు మృతుల భవిష్యత్తూ వారి చేతిలోనే ఉందన్నమాట.

పితృపూజ వంశాన్ని నిలబెట్టే వ్యవస్థ అన్న వాదనకు అన్నిటికన్నా గట్టి సాక్ష్యం కేస్లాపూర్‌లో దొరుకుతుంది. ఇంద్రవెల్లి మండలంలోని ఈ ఊరు మెస్రం వంశీయుల దేవత నాగోబాకు నిలయం. పుష్య అమావాస్య రాత్రి జరిగే మహాపూజ కోసం మెస్రం పెద్దలు ఇత్తడి ఝరి పట్టుకుని, తెల్లబట్టలతో, చెప్పుల్లేకుండా గోదావరికి నడిచి వెళతారు. జన్నారం మండలం కలమడుగు దగ్గరి హస్తినమడుగులో నీళ్లు ముంచుకుని తిరిగివస్తారు. ఒకవైపు నడకే దాదాపు 70 కిలోమీటర్లు. సిరికొండ కుమ్మరులు చేసిన కుండలు వస్తాయి. వంశపు ఆడబిడ్డలు, అల్లుళ్లు నీళ్లు తెచ్చి మట్టి కలిపి పుట్ట చేస్తారు. కేస్లాపూర్ మర్రిచెట్ల కింద విడిది చేసిన మెస్రం కుటుంబాలు మహాపూజకు ముందు తమలో చనిపోయినవారి పేరిట తూమ్ అనే కర్మ జరుపుతాయి. మహాపూజ అయ్యాక అదే సన్నిధిలో బేటింగ్ జరుగుతుంది. ఆ వంశంలోకి కొత్తగా వచ్చిన కోడళ్లు తెల్లచీరలు కట్టి, ముసుగు వేసుకుని, పెద్ద ముత్తైదువల వెంట వచ్చి నాగోబాకు పరిచయమవుతారు. ఆ పరిచయం జరిగాకే వారికి వంశపూజల్లో పాల్గొనే అర్హత. ఈ రెంటినీ పక్కపక్కన పెట్టి చూడాలి. కోడలు పెళ్లితోనే మెస్రం ఇంటికి వచ్చింది, కానీ వంశానికి చెందింది బేటింగ్‌తో. మృతుడు చావుతోనే ఇంటిని వదిలాడు, కానీ పెద్దల్లో కలిసేది తూమ్‌తో. రాకకూ పోకకూ ఒకే చోటు, ఒకే కాలం, ఒకే వంశసభ. పుట్టుక, పెళ్లి, చావు వంటి శారీరక, గృహ సంఘటనలు వంశసభ్యత్వానికి అవసరమే గాని చాలవని, వంశం గుమిగూడి ఒప్పుకోవాలని ఈ ఆచారం చెబుతోంది.

దీనికి వచ్చే మొదటి ఆక్షేపణ సహజమైనదే. ఇదంతా హిందూ పితృకర్మకు గిరిజన రూపం కాదా? పన్నెండో రోజు సపిండీకరణంలో ప్రేతపిండాన్ని పితృపిండాల్లో కలుపుతారు కదా, అదీ సభ్యత్వమార్పిడే కదా? పోలిక నిజమే. నిర్మల్ పట్టణంలోనూ చుట్టుపక్కల పల్లెల్లోనూ పెత్రమాస నాడు పెద్దల పేరిట బియ్యమివ్వడం, దినాల్లో పిట్టకు పెట్టడం అందరికీ తెలిసినవే. కానీ తేడాలు పైపైవి కావు. శ్రాద్ధంలో తండ్రి, తాత, ముత్తాత పేరుపేరునా అందుకుంటారు. ఆ వరుస దాటినవారు క్రమంగా వెనక్కి జరుగుతారు. కర్త కొడుకు, చేయించేది బయటి వర్ణపు పురోహితుడు, సరిహద్దు కుటుంబం. గోండు కర్మలో చేరిక ఏ మూడు తరాలతోనో కాదు, మొత్తం వంశంతో. పూజారి సొంత వంశంవాడు, పురాణం చెప్పేవాడు ప్రధాన్, సమయం మరణతిథిని బట్టి కాదు, వంశం కూడే పండుగను బట్టి. నిజానికి మన పెత్రమాసలోనూ శాస్త్రానికి లొంగని జానపద పొర ఒకటుంది. అది ఎవరి నుంచి ఎవరికి వచ్చిందన్న తగువు ఆధారాలతో తేలేది కాదు. శతాబ్దాలుగా పక్కపక్కన బతికిన జనం ఇచ్చిపుచ్చుకున్నారు. ఇచ్చిపుచ్చుకున్నంత మాత్రాన ఒకరి వ్యవస్థ మరొకరి నకలు కాదు.

రెండో ఆక్షేపణ ఆధారాల మీద. మనకున్న వివరాల్లో ఎక్కువ భాగం ఒక్క హైమన్‌డార్ఫ్ రాసినవి. 1940లో జోడేఘాట్ పోరాటంలో గోండు నాయకుడు కుమ్రం భీం నేలకొరిగాక, ఆ తిరుగుబాటు కారణాలు వెతుకుతున్న నిజాం ప్రభుత్వ కాలంలో ఈ ఆస్ట్రియా మానవశాస్త్రవేత్త మార్లవాయిలో మకాం పెట్టాడు. 1948లో ‘ది రాజ్ గోండ్స్ ఆఫ్ ఆదిలాబాద్’, 1979లో ‘ది గోండ్స్ ఆఫ్ ఆంధ్రప్రదేశ్’ వెలువరించాడు. ప్రభుత్వ సలహాదారు రాసినదాన్ని, అదీ పురాణాలకూ పూజలకూ పెద్దపీట వేసినదాన్ని, ఎంతవరకు నమ్మాలి? అనుమానం సబబే. ఆయన దృష్టి పెద్దల మీద, పటేళ్ల మీద, మగవారి మీద ఎక్కువగా నిలిచింది. స్త్రీల శోకం, ఏడుపుపాటల్లో వారు చనిపోయినవారిని పిలిచే తీరు ఆ పుస్తకాల్లో తక్కువ చోటు పొందాయి. కానీ కేస్లాపూర్ తూమ్, బేటింగ్, గోదావరి నడక ఏ పుస్తకాన్నీ ఆధారం చేసుకుని నిలబడలేదు. ఏటా వేలమంది కళ్లెదుట మెస్రం వంశీయులు తామే నడుపుకుంటున్నవి. పుస్తకం చెప్పిన సూత్రానికీ నేటి ఆచరణకూ ఇంతగా పొందిక ఉన్నప్పుడు ఆ సూత్రాన్ని తోసిపుచ్చలేం.

ప్రపంచంలో ఇది ఒంటరి ఉదాహరణ కూడా కాదు. మొదటి అంత్యక్రియకూ మలి అంత్యక్రియకూ మధ్య ఎడం ఎందుకుంటుందని ఫ్రెంచి సామాజికశాస్త్రవేత్త రాబర్ట్ హెర్ట్జ్ 1907లోనే అడిగాడు. చనిపోయినవాడి స్థానాన్ని సమాజం తిరిగి సర్దుకోవడానికి పట్టే సమయమది అన్నాడు. పశ్చిమాఫ్రికాలో మాలి దేశపు బండియాగరా కొండచరియల్లో ఉండే డోగోన్ ప్రజలు శవాన్ని తాళ్లతో పైకి లాగి కొండగుహల్లో ఉంచుతారు. అది మొదటి దశ. కొన్నేళ్లకు ఊరంతా కలిసి దామా అనే ఉత్సవం చేస్తుంది. కనగ వంటి కొయ్య ముఖకవచాలు ధరించిన మగవారు ఆడి, మృతులను ఊరి నుంచి పూర్వీకుల లోకానికి సాగనంపుతారు. దామా చాలామంది మృతులకు కలిపి చేసేది, పెర్సపేన్ పండుగ లాగే. కానీ డోగోన్‌లు సాగనంపుతారు, గోండులు చేర్చుకుంటారు. దామాలో ఊరు చావును తన హద్దు దాటిస్తే, పెర్సపేన్ పండుగలో వంశం మృతులను తనలోకే తీసుకుంటుంది. బస్తర్‌లోని మాడియా గోండులు మృతులకు పెద్ద పెద్ద స్మారక శిలలు నిలబెడతారు. ఆదిలాబాద్‌లో ఆ స్మరణ బరువును రాయి కంటే పాట ఎక్కువగా మోసిందని నాకనిపిస్తుంది.

మూడో ఆక్షేపణ బతుకుతెరువుకు సంబంధించినది, నా దృష్టిలో అన్నిటికన్నా బరువైనది. బలులు, భోజనాలు, ప్రధాన్‌కు కానుకలు, ఇప్పసారా: ఇవన్నీ పేద కుటుంబాన్ని అప్పులపాలు చేయవా? ఆదిలాబాద్ గోండుల భూములు ఇరవయ్యో శతాబ్దంలో షావుకార్ల చేతుల్లోకి పోయిన కథ అందరికీ తెలిసిందే. పెళ్లి, చావు ఖర్చులు ఆ అప్పుల్లో భాగం కాకపోలేదు. కానీ నిందంతా ఆచారం మీద వేస్తే పట్టాలివ్వని పాలన, తప్పుడు లెక్కల వడ్డీ, అడవి హద్దుల పేరిట ఊళ్లను ఖాళీ చేయించిన అటవీశాఖ తప్పించుకుంటాయి. పైగా ఈ వ్యవస్థలోనే ఒక వెసులుబాటు ఉంది. కరున్‌కు గడువు లేదు, పంట వచ్చాక చేయవచ్చు. పెర్సపేన్ పండుగలో ఖర్చు వంశమంతా పంచుకుంటుంది, ఏ ఇల్లూ ఒంటరిగా మోయదు. భారం పెరిగేది ఆ ఉమ్మడితనం పోయి ఒక్కో ఇల్లూ తన గొప్ప చూపించుకోవాలనుకున్నప్పుడే. దాన్ని అదుపు చేయాల్సింది రాయిసెంటర్లనే సంప్రదాయ పంచాయతీలు, వంశపెద్దలు.

ఇంటి పెద్దలను దాటి, జాతి పెద్దల విషయంలోనూ ఇదే పద్ధతి పనిచేస్తోంది. కుమ్రం భీం వర్ధంతిని గోండులు ఆశ్వయుజ పౌర్ణమి నాడు జోడేఘాట్‌లో జరుపుతారు. ప్రభుత్వం కూడా ఆ తిథినే పాటిస్తూ వచ్చింది. క్యాలెండరు తేదీ వేరుగా ఉన్నా, తిథిదే పైచేయి. నిర్మల్‌లో తిరుగుబాటు నాయకుడు రాంజీ గోండును, అతని వెయ్యిమంది అనుచరులను 1860లో ఉరితీశారని జనం చెప్పుకునే వెయ్యి ఉరుల మర్రి నేడు లేదు. చెట్టు పోయినా ఆ చోటు శ్రద్ధాంజలి స్థలంగా మిగిలింది. 1981 ఏప్రిల్ 20న ఇంద్రవెల్లిలో పోలీసు కాల్పుల్లో మరణించినవారు ప్రభుత్వ లెక్కలో 13 మంది. వారి స్తూపం దగ్గర నివాళికి ఏళ్ల తరబడి ఆంక్షలు అమలయ్యాయి. మృతులను సమూహంగా కూడి తలచుకోవడమే వారిని పెద్దలుగా నిలపడమని నమ్మే జనానికి, ఆ కూడికను ఆపడం ఎంత పెద్ద గాయమో వేరే చెప్పక్కర్లేదు. బయటివారినీ ఈ నేల ఇలాగే కలుపుకుంది. హైమన్‌డార్ఫ్ భార్య బెట్టీ ఎలిజబెత్ 1987లో మరణించారు. ఆమె సమాధి, 1995లో పోయిన ఆయన సమాధి మార్లవాయిలోనే ఉన్నాయి. గ్రామస్తులు ఏటా జనవరిలో వారి వర్ధంతి జరుపుతారు.

నేడు మారుతున్నది చాలానే ఉంది. భక్తి సంప్రదాయాల్లో చేరినవారు మాంసం, సారా మానేసి బలి స్థానంలో కొబ్బరికాయ కొడుతున్నారు. ఇలాంటి మార్పుల వల్ల ఈ వ్యవస్థ కూలదు. కరున్ సారం బలిలో లేదు. అసలు ప్రమాదం ప్రధాన్, తోటి కుటుంబాల్లో కికిరి పట్టే యువకులు తగ్గిపోవడంలో ఉంది. చదువుకుని ఉద్యోగాల్లోకి వెళ్లిన ఆ పిల్లలను తప్పుపట్టే హక్కు ఎవరికీ లేదు. దాతల దయ మీద బతికే వృత్తిని వదలడం వారి ఆత్మగౌరవం. కానీ వంశానికో పురాణం, శాఖకో వరుస చొప్పున వారి పెద్దల కంఠాల్లో ఉన్నది మరెక్కడా లేదు. నార్నూర్ మండలం గుంజాలలో దొరికిన గోండి రాతప్రతులను పండితులు చదివి, ఆ లిపికి 2018లో యూనికోడ్‌లో చోటు సంపాదించగలిగారు. అలాంటి శ్రద్ధే ఈ పాటల మీదా పెట్టాలి. ఉట్నూరు ఐటీడీఏ, విశ్వవిద్యాలయాలు, వంశపెద్దలు కలిసి, ప్రధాన్ గాయకులకు దానంగా కాక పండితులకిచ్చే గౌరవవేతనం ఇచ్చి, ఏ వంశపు కరున్ పాటను ఆ వంశం పేరుతోనే, గోండి లిపిలోనూ తెలుగులోనూ రాయించి, ధ్వనిముద్రించి, ఆ ప్రతిని మొదట ఆ వంశపు కటోడ చేతికి, పాడిన గాయకుడి ఇంటికి అందించాలి. ఆ పని ఇప్పుడే మొదలుపెట్టాలి.